శివరాత్రి జాగారం రాత్రి మాకివ్వండి: సీమ పల్లెల గుడి కమిటీ పెద్దలకు బహిరంగ లేఖ

అనంతపురం, శ్రీ సత్యసాయి, కడప, కర్నూలు జిల్లాల పల్లెల్లో గుళ్ళూ తిరునాళ్ళూ నడిపిస్తున్న కమిటీ పెద్దలకు నమస్కారం.

నేను ధర్మవరం వైపు ఒక తోలుబొమ్మలాట కుటుంబంలో పుట్టినవాణ్ణి. మా పేర్లు మీకు గుర్తుండకపోవచ్చు గానీ, "బొమ్మలాటోళ్ళు" అంటే మీ ఊళ్ళో అరవై దాటినవాళ్ళందరికీ తెలుస్తుంది. మీ నాయనల కాలంలో ఆటకు రమ్మని మా ఇంటికి మనిషిని పంపేవారు. తాంబూలం చేతిలో పెట్టి, రోజు ఖాయం చేసుకుని పోయేవారు. అలాంటి కబురు రాక చాలా ఏళ్ళయింది. అందుకని ఈసారి మేమే మీకు కబురు పెడుతున్నాం.

అడగాల్సింది మొదటే అడిగేస్తాను. రాబోయే శివరాత్రికి మీ ఊరి జాగారం రాత్రిని తోలుబొమ్మలాటకు ఇవ్వండి. పొద్దుగూకినప్పటి నుంచి తెల్లారే దాకా, మొత్తం రాత్రి. సన్మానాల మధ్య ఇరవై నిమిషాలు ఇస్తామంటే కాదనే స్తోమత మాకు లేదు, పిలిస్తే దానికీ వస్తాం. కానీ ఆ ఇరవై నిమిషాలతో మా పిల్లలకు ఈ విద్య రాదు. ఎందుకు రాదో మీకు చెప్పాలనే ఈ ఉత్తరం రాస్తున్నాను.

పోయిన ఎండాకాలంలో ఒకరోజు మా తమ్ముడి కొడుకు వసారాలో కూర్చుని ల్యాంప్‌షేడ్ చేస్తున్నాడు. వాడికి పదహారేళ్ళు. వేడినీళ్ళలో నానబెట్టి, వెంట్రుకలు గీకి, లాగి కట్టి ఆరబెట్టిన మేక తోలు. ఎండకు పట్టి చూస్తే అవతల చెయ్యి నీడ కనిపించేంత పలచన. దాని మీద శూర్పణఖను గీసి, మెడలో నగలకు చిల్లులు కొడుతున్నాడు. ఉలి నిలబెట్టి ఒక్క దెబ్బ, వెంట్రుకవాసి జరిపి ఇంకో దెబ్బ. ఒక్కో చిల్లు ఆవగింజంత. వెనక దీపం వెలిగితే ఆ చిల్లులే రవ్వల హారం అవుతాయి. నేను అరగంట చూశాను. ఒక్క దెబ్బ కూడా తప్పు పడలేదు. "మీ తాత కంటే బాగా కొడుతున్నావు రా" అన్నాను. నిజంగానే అన్నాను.

వాడు తల ఎత్తి, "పెదనాయనా, ఈమె ఏం మాట్లాడుతుంది?" అని అడిగాడు.

నాకు వెంటనే అర్థం కాలేదు.

"తెర మీద ఉన్నప్పుడు ఈమె మాటలేంటి అని. చేతిపనుల మేళాలో ఒకావిడ అడిగింది. నాకు తెలీలేదు. రాక్షసి అని చెప్పి ఊరుకున్నా."

శూర్పణఖను మా మేళంలో అమ్మ ఆడించేది. రాముడి దగ్గరికి వచ్చేటప్పుడు ఆమె గొంతులో ఎంత వయ్యారం ఉండేదో! రాముడు తమ్ముడి దగ్గరికి పొమ్మంటాడు, తమ్ముడు అన్న దగ్గరికి పొమ్మంటాడు. అమ్మ బొమ్మను అటూ ఇటూ తిప్పుతుంటే కీళ్ళ దగ్గర వేసిన ముడుల వల్ల చేతులూ కాళ్ళూ తాళానికి సరిగ్గా ఊగేవి. జనం ఒకటే నవ్వు. లక్ష్మణుడు కత్తి ఎత్తే దాకా నవ్వుతూనే ఉండేవారు. ముక్కు తెగాక అదే పాటను అమ్మ ముక్కుతో పాడేది. ఒక్కొక్కరుగా నవ్వు ఆపేసేవారు. తెర వెనక కూర్చుని ఆ నవ్వు ఆగిపోయే క్షణం కోసం చెవులు రిక్కించేవాణ్ణి నేను.

అదంతా వాడికి పాడి వినిపిద్దామని మొదలుపెట్టాను. నాలుగైదు ద్విపదలు వచ్చాయి. తర్వాత ఆగిపోయాను. మద్దెల లేదు, పక్కన వంత పాడే గొంతు లేదు, ఎదురుగా తెర లేదు. ఎంత తన్నుకున్నా తర్వాతి చరణం నోటికి రాలేదు. వాడు కాసేపు నా ముఖం చూసి, మళ్ళీ ఉలి అందుకున్నాడు.

పెద్దలారా, మా పిల్లలకు చెక్కడం వచ్చు. ఆడించడం రాదు. నాకు ఆడించడం వచ్చు గానీ, ఆడించక ఆడించక అది కూడా జారిపోతోంది.

చెక్కే పనిని తక్కువ చేయడం లేదు. ల్యాంపులూ గోడబొమ్మలే లేకపోతే మా వాళ్ళ ఇళ్ళల్లో చాలా పొయ్యిలు వెలిగేవి కావు. మా బొమ్మలాటోళ్ళ ఊరు నిమ్మలకుంట పేరు దేశమంతా తెలిసిందంటే ఆ ఉలి పని వల్ల కూడా. ఆ ఊరి దళవాయి చలపతిరావు గారికి 2020లో పద్మశ్రీ ప్రకటించినప్పుడు మా బంధువుల ఇళ్ళన్నింట్లో పండగే. ఆంధ్రప్రదేశ్ తోలుబొమ్మలకు జీఐ గుర్తింపు, అంటే ఇది ఈ ప్రాంతపు పనే అని చెప్పే ముద్ర, కూడా ఉంది. ఇవన్నీ మాకు గర్వమే. కానీ మేం చూసినంతవరకు సాయం పేరుతో వచ్చేదంతా చేతిపనికే వస్తోంది. ఒకసారి మా పిల్లలు కూడా ఒక శిక్షణకు వెళ్ళారు. స్టైపెండ్ ఇచ్చారు, పనిముట్లు ఇచ్చారు, చివర్లో సర్టిఫికెట్లు ఇచ్చారు. అన్ని నెలల్లో ఒక్కరోజు కూడా తెర కట్టలేదు. ఎవరు ఎన్ని ముక్కలు చేశారో లెక్కపెట్టుకున్నారు. పాటను ఎలా లెక్కపెడతారు? అందుకే దాని జోలికి పోలేదనుకుంటాను.

తెర వెనక విద్య ఎలా వస్తుందో మీకు తెలిసే అవకాశం లేదు. మీరెప్పుడూ తెర ముందరే కూర్చున్నారు. అందుకని కొంచెం వివరంగా చెబుతాను.

మొదటి ఉద్యోగం ముళ్ళు. అయిదారేళ్ళ పిల్లకాయకు గుప్పెడు ఈతముళ్ళు ఇచ్చి తెర పక్కన కూర్చోబెడతారు. కథలో మాట లేకుండా నిలబడే బొమ్మలను ఆ ముళ్ళతోనే తెరకు గుచ్చుతాం. సభలో మంత్రులు, అశోకవనంలో చెట్టు, ఇలాంటివి. చెయ్యి చాపగానే ముల్లు అందాలి. అందాలంటే ఎవరు ఎప్పుడు కదలకుండా నిలబడతారో పిల్లవాడికి తెలియాలి. అంటే కథ తెలియాలి. ఎవరూ కూర్చోబెట్టి కథ చెప్పరు. ముళ్ళు అందిస్తూ అందిస్తూనే వచ్చేస్తుంది.

తర్వాత పెట్టె. బొమ్మలను వరసలో పేర్చి ఇవ్వడం. హనుమంతుడు ఒక్కడే అయినా బొమ్మలు ఒక్కటి కాదు. సీతమ్మ ముందు చెట్టు మీద కూర్చునేవాడు చిన్నవాడు, లంక కాల్చేవాడు పెద్దవాడు. అడిగినప్పుడు తప్పు హనుమంతుణ్ణి ఇస్తే కథే మారిపోతుంది. ఆట అయ్యాక రాముణ్ణీ రావణుణ్ణీ ఒకరి మీద ఒకరిని పెట్టకూడదు. మా ఇంట్లో ఆ నియమం ఇప్పటికీ ఉంది. పైన వినాయకుడు ఉండాలి, రేపు ముందుగా లేచేది ఆయనే కాబట్టి.

ఆ తర్వాత చెక్కలు. యుద్ధం వచ్చినప్పుడు కాళ్ళ కింద పలకలను దబదబా తొక్కాలి. తెర ముందర కూర్చున్నవాళ్ళకు అవి రథాలు, గదలు, విరిగిపడే కొండలు. చెక్కలు తొక్కడం వస్తే దరువు వచ్చినట్టే. దాని తర్వాత వంత పాడడం. గొంతు కుదిరాక వానరసైన్యం. కోతుల గుంపును పట్టుకుని అటూ ఇటూ ఉరికించడం, ఒక్క మాట కూడా ఉండదు. మాట మొదట దొరికేది లక్ష్మణుడికి. లక్ష్మణుడు తక్కువ మాట్లాడతాడు, కొత్తవాడి నాలుకకు సరిపోతాడు. అక్కడి నుంచి హనుమంతుడు, తర్వాత రాముడు. అన్నిటికన్నా చివర్న రావణుడు. పది తలలతో మనిషెత్తు బొమ్మ అది. నడుమ బద్ద ఒక చేత్తో, చేతుల పుల్లలు ఇంకో చేత్తో పట్టుకుని, నోటితో సీసపద్యం ఎత్తుకుని, కాలితో చెక్క తొక్కాలి. మా నాయన నాకు రావణుణ్ణి ఇచ్చేసరికి నాకు ఇరవై రెండేళ్ళు. ఈతముల్లు నుంచి రావణుడి దాకా రావడానికి పదహారేళ్ళు పట్టింది.

ఇందులో ఏ ఒక్క మెట్టూ పగలు నేర్పేది కాదు. నాయన దగ్గర నోటుబుక్కు ఉంది, ఇప్పుడు నా దగ్గరుంది. రంగనాథ రామాయణం ద్విపదలు కొన్ని, మా వాళ్ళు తరతరాలుగా కలుపుకున్న మాటలు కొన్ని, నాయన చేతిరాతతో ఉన్నాయి. గోన బుద్ధారెడ్డి 13వ శతాబ్దంలో కట్టిన ద్విపద, చదువురాని మా ముత్తాతల నోట్లో ఇన్ని వందల ఏళ్ళు బతికింది. ఇంకో మాట. మేం ఇంట్లో మాట్లాడేది ఆరె మరాఠీ, మరాఠీలో ఒక యాస. తెర వెనకకు పోతే తెలుగు. నాకు మీ తెలుగు ఇంత నిండుగా వచ్చిందంటే బడిలో కంటే ముందు తెర వెనకే వచ్చింది. కానీ ఆ నోటుబుక్కులో మాటలే ఉన్నాయి. ఎక్కడ ఆగాలో లేదు. మండోదరి ఏడుపులో ఏ మాట దగ్గర మద్దెల పూర్తిగా ఆగిపోవాలో నాయన రాసుకోలేదు. ఆయనకు రాసుకోవాల్సిన పని లేకపోయింది.

మా చిన్నప్పటి ఒక రాత్రి చెబుతాను. ఊరి పేరు ఎందుకులే, మీలో ఎవరిదో అయ్యుంటుంది. నాకు ఎనిమిదో తొమ్మిదో. తెర వెనక గోనెసంచి మీద పడి నిద్రపోతున్నాను. నాయన రెండు చేతుల్లో బొమ్మలున్నాయి కాబట్టి కాలితో తట్టి, "లే, యుద్ధం" అన్నాడు. లేచీ లేవగానే చెక్కలెక్కి దబదబా తొక్కేశాను. అప్పటికి యుద్ధం అయిపోయింది. లక్ష్మణుడు మూర్ఛపోయి పడి ఉన్నాడు, రాముడు ఏడుస్తున్నాడు. ఊరంతా కళ్ళు తుడుచుకుంటున్నచోట నా చెక్కల మోత. నాకు చెమటలు పట్టాయి. నాయన ఒక్క రెప్పపాటు ఆగి, పెట్టె మీది నుంచి జుట్టుపోలిగాణ్ణి, బంగారక్కతో కలిసి జనాన్ని నవ్వించే బొమ్మను, అందుకుని తెర మూలకు తెచ్చాడు. "ఏమే బంగారక్కా, ఆ రాములోరి ఏడుపు చూడలేక ఆకాశం కూడా ఉరుముతా ఉందే!" అన్నాడు. ఇవతలి నుంచి అమ్మ బంగారక్క గొంతుతో, "ఉరిమితే చాలదు పోలిగా, రెండు చినుకులు పడితే మన చెనిక్కాయ బతుకుతుంది" అంది. ముందు కూర్చున్న ముసలాయన ఎవరో "నిజమేనే తల్లీ" అన్నాడు. నవ్వు, ఏడుపు, వాన కోసం ఎదురుచూపు అన్నీ కలిసిపోయాయి. నాయన మళ్ళీ రాముడి గొంతు ఎత్తుకున్నాడు.

తెల్లారాక కూడా నన్ను తిట్టలేదు. రాత్రి పొడుగునా ఆడే ఆటలో పిల్లవాడి తప్పును మింగే జాగా ఉంటుంది. తప్పు చేసి, దాన్ని పెద్దవాళ్ళు ఎలా సర్దారో పక్కనుంచి చూసి, ఆ సర్దడమే నేర్చుకున్నాం మేమంతా.

ఇప్పుడు ఇరవై నిమిషాల సంగతి. కిందటేడు ఒక ఊరి ఉత్సవంలో ఆర్కెస్ట్రావాళ్ళ సామాను దిగేలోపు ఆడమన్నారు. లంకాదహనం పెట్టుకున్నాం. అంతకంటే ఏం పడుతుంది? హనుమంతుడు రావడం, తోకకు నిప్పంటించడం, లంక కాలడం. తమ్ముడి కొడుకు కూడా వచ్చాడు. నా వెనక నిలబడి, చెక్కలు తాను తొక్కుతానన్నాడు. స్టేజీ కింది నుంచి ఒకాయన వాచీ చూపిస్తున్నాడు. నేను టెన్షన్‌లో, "నువ్వు పక్కకుండు రా, టైం లేదు" అన్నాను.

ఆ మాట మా నాయన నాతో ఏనాడూ అనలేదు. టైం లేదనే మాటే ఆయన నోట నేను వినలేదు. ఇంటికొచ్చి ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. శూర్పణఖ ఏం మాట్లాడుతుందని అడిగినవాణ్ణి, నేర్చుకుంటానని వచ్చినవాణ్ణి, నేనే పక్కకు నెట్టాను. తప్పు నాదే. అయితే ఆ ఇరవై నిమిషాల్లో ఇంకెవరైనా అదే చేస్తారు. అంత చిన్న ఆటలో వచ్చినవాడే అన్నీ చేయాలి, రానివాడికి చోటు లేదు. ఇలాంటి ప్రోగ్రాంలు వంద ఆడినా నాకు డబ్బులొస్తాయి, వాడికి విద్య రాదు.

మీలో కొందరికి కోపం రావచ్చు. తప్పంతా కమిటీలదేనా అని. కాదు. టీవీ వచ్చింది, జనం లేచిపోవడం మొదలైంది, మేమూ బెదిరాం. కొన్నాళ్ళు సినిమా పాటలకు బొమ్మలను ఆడించాం. ఆట కుదించాం. ఊళ్ళు తిరగడం తగ్గించి ఇంటిపట్టున ల్యాంపులు చేసుకుంటే నయమనుకున్నాం. మా ఇళ్ళల్లో ఆడపిల్ల పెళ్ళి అంటే పూర్వం ఇంకో మేళానికి ఒక గొంతును పంపడమే. మా అక్కను చూసుకోవడానికి వచ్చినవాళ్ళు సీత పాట పాడమన్నారు. అక్క ఆ ఇంటికి అమ్మ పాటలన్నీ తీసుకుని పోయింది. ఇప్పుడు వాళ్ళింట్లోనూ ల్యాంపులే. మండోదరి ఏడుపు మొత్తం అక్కకు ఇవాళ్టికీ కంఠతా వచ్చు, ఆమె కూతురికి ఒక్క చరణం రాదు. "ఎప్పుడు పాడి వినిపించాలి, గిన్నెలు తోముకుంటూనా?" అంటుంది అక్క.

అందుకే ఈ ఏడు శివరాత్రికి ఒక చిన్న ఊరు మాకు రాత్రంతా ఇస్తామంటే నేను అక్కను కూడా రమ్మన్నాను. ఆ ఊరి కమిటీ పెద్దమనిషి తల్లి, చచ్చేలోపు ఒక్కసారి బొమ్మలాట చూడాలని పట్టుబట్టిందట. సుందరకాండ నుంచి ఎత్తుకుని ఇంద్రజిత్తు యుద్ధం దాకా అనుకున్నాం.

జరిగింది జరిగినట్టే చెబుతాను. పది గంటలకు గుడి ముందర నిండుగా జనం ఉన్నారు. పదకొండు దాటాక కుర్రవాళ్ళు లేచారు. పన్నెండున్నరకు యాభై అరవై మంది మిగిలారు. ముసలివాళ్ళు, ఉపవాసం ఉన్న ఆడవాళ్ళు, దుప్పట్లలో పిల్లలు. మేళంలో ఒకరికొకరం ముఖాలు చూసుకున్నాం. అయినా ఆపలేదు. తమ్ముడి కొడుక్కి మొదట ఈతముళ్ళే ఇచ్చాను. పదహారేళ్ళవాడు ఆరేళ్ళవాడి పనికి కూర్చోవడానికి సిగ్గుపడ్డాడు. గంటలోనే వాడి చెయ్యి నా చెయ్యి కంటే ముందొచ్చింది. ఒంటిగంటకు చెక్కలెక్కాడు. రెండుసార్లు తప్పాడు, ఒకసారి నేను సర్దాను, ఇంకోసారి అక్క బంగారక్కను పట్టుకుని సర్దింది. అలాంటి మాట అక్క అంటుందని నేననుకోలేదు. అచ్చం అమ్మే.

రెండున్నరకు నా గొంతు బొంగురుపోయింది. అప్పుడు అంగదుణ్ణి వాడి చేతికిచ్చాను. రావణుడి సభలో రాయబారం. రెండే మాటలు చెప్పాడు, మూడోది మరిచిపోయాడు. అక్క వెనక నుంచి అందించింది. వాడు అందుకున్నాడు. తెరకు అవతల ఒక చిన్నపిల్ల "అమ్మా, ఈ కోతి గొంతు వేరే" అంది. అది వాడికి వినబడింది. తెల్లారి బస్టాండులో టీ తాగుతూ నాలుగుసార్లు ఆ మాటే చెప్పాడు నాకు.

ఇంకో సంగతి, లేచిపోయిన కుర్రవాళ్ళలో కొందరు నాలుగింటికి మళ్ళీ వచ్చారు. ఎక్కడో సినిమా వేస్తే పోయారట, అది అయిపోయింది. వచ్చినవాళ్ళు లక్ష్మణ మూర్ఛ దగ్గర కదలకుండా కూర్చున్నారు. రాత్రంతా ఆడే ఆటకు జనం రారనే మాట నేను పూర్తిగా నమ్మను. వస్తారో రారో మనం సరిగ్గా అడిగి చూడలేదు, అంతే.

శివరాత్రే ఎందుకంటే, ఆ రాత్రి ఊరు ఎలాగూ మేలుకుని ఉంటుంది. జనాన్ని నిద్రపోకుండా కూర్చోబెట్టాలని మీరే ఏదో ఒకటి వెతుకుతారు. స్క్రీన్ కట్టి సినిమాలు వేస్తారు, డీజే పెడతారు. పూర్వం ఆ పని మాది. జాగారానికి బొమ్మలాట, వానలు ముఖం చాటేస్తే విరాటపర్వం, కోతలయ్యాక రామాయణం. మన అనంతపురం లాంటి చోట, ఏడాదంతా కలిపి 550 మిల్లీమీటర్ల చుట్టుపక్కల వాన పడే నేలలో, విరాటపర్వం ఆడితే చినుకు పడుతుందని మీ తాతలు మా తాతలను బండ్లు కట్టి తీసుకుపోయేవారు. ఆట అయ్యాక కళ్ళంలో జొన్నలు, కొర్రలు, చెనిక్కాయలు కొలిచి ఇచ్చేవారు. వాన పడిందా లేదా అనేదాని సంగతి నేను చెప్పలేను. కానీ ఆ నమ్మకం వల్ల మా పిల్లలకు ఏడాదికి ఎన్నో రాత్రులు దొరికేవి. అన్ని రాత్రులు ఇవ్వమని మిమ్మల్ని అడగడం లేదు. ఒక్కటి ఇవ్వండి.

ఖర్చు గురించి దాపరికం లేకుండా చెబుతాను. మేం ఏడెనిమిది మందిమి వస్తాం. మద్దెల, హార్మోనియం, తాళాలు మావే. తెరా మాదే. ఒకప్పుడు ఆముదం దీపాలు, తర్వాత పెట్రోమాక్స్, ఇప్పుడు ఒక బల్బు చాలు. కరెంటు పోతే ఆట ఆగకుండా దీపాల సరంజామా కూడా తెచ్చుకుంటాం. నిజానికి దీపం వెలుగు అటూ ఇటూ కదిలితేనే బొమ్మకు ఊపిరి ఉన్నట్టుంటుంది, బల్బు కింద అది రాదు. గుడి ముందర గాలి మరీ కొట్టని చోటు, రాత్రి భోజనం, పోనూ రానూ చార్జీలు, కమిటీకి తోచిన సంభావన. డీజేకి ఇచ్చేదాంట్లో చిన్న పాలు. తోచినంత అని ఎందుకంటున్నానంటే, మేం బేరం పెట్టి అడిగితే మళ్ళీ మాట డబ్బు మీదికి పోతుంది. అయితే ఉత్త చేతులతో పంపించకండి. పిల్లలు చూస్తుంటారు. ఈ పని చేస్తే అన్నం దొరుకుతుందా లేదా అని వాళ్ళు ఆ రాత్రే లెక్కేసుకుంటారు.

రెండు షరతులు కూడా ఉన్నాయి, పెద్దమనసుతో వినండి. ఆట మధ్యలో ఆపి సన్మానాలు, వేలంపాటలు పెట్టకండి. ఆటకు ముందో తర్వాతో ఎంతసేపైనా పెట్టుకోండి. రెండోది, పిల్లలు తెర వెనకకు వచ్చి చూస్తామంటే రానివ్వండి, అరిచి తరమకండి. మా పిల్లలే కానక్కర్లేదు, మీ పిల్లలైనా సరే. ఈ విద్య మా ఇళ్ళల్లోనే ఉండాలని ఒకప్పుడు మా పెద్దలు గట్టిగా అనుకునేవారు. ఇప్పుడు నేను అలా అనుకోవడం లేదు. ముళ్ళు అందించే చెయ్యి ఎవరిదైతేనేం. మీ ఊరి పిల్లవాడు ఒకడు అంగదుణ్ణి పట్టుకుంటే మా నాయన ఆత్మ ఏమీ నొచ్చుకోదు.

సాంస్కృతిక శాఖ అధికారులు ఎవరైనా ఈ ఉత్తరం చదివితే వాళ్ళకూ ఒక మాట. మీరిచ్చే శిక్షణల్లో కొంత భాగం, ఒక అయిదు రాత్రులైనా సరే, తెర కట్టి ఆడించడానికి పెట్టండి. ఏదో ఒక పల్లెలో, జనం ముందర. హాల్లో కుర్చీల ముందు కాదు.

నాయన పోయి ఆరేళ్ళయింది. ఆయన ఆడించిన రాముడి బొమ్మ అంచులు పూర్తిగా అరిగిపోయాయి. మా వాళ్ళలో పాతబడిన బొమ్మను పారేయరు, కొత్త బొమ్మ చేసుకున్నాక పాతదాన్ని పూజ చేసి ఏటిలో కలుపుతారు. ఈ రాముణ్ణి ఇంకా కలపలేదు. కొత్తది చేశాను గానీ, పట్టుకునేవాడు తేలే దాకా పాతది పెట్టెలోనే ఉండనీ అని అమ్మ అంటోంది.

మా తమ్ముడి కొడుకు ఇప్పుడు సాయంత్రాలు అక్కకు ఫోన్ చేసి, స్పీకర్ పెట్టుకుని, ఒక్కో చరణం నేర్చుకుంటున్నాడు. ఫోన్లో తాళం కుదరదు, అక్కడ ఆమె ఆపేలోపు ఇక్కడ వీడు ఎత్తుకుంటాడు. అయినా మానలేదు. వచ్చే శివరాత్రికి ఏ ఊరు పిలిస్తే ఆ ఊళ్ళో అరణ్యకాండ నుంచి ఎత్తుకుందామని అడిగాడు. శూర్పణఖ ఘట్టానికి రెండు బొమ్మలు కావాలి కదా, ముక్కు ఉన్నది ఒకటి, తెగినది ఒకటి. ల్యాంపుల ఆర్డర్ పక్కన పెట్టి మొదటిది పూర్తి చేశాడు, కీళ్ళు కూడా కట్టాడు. రెండోది ఆరుతోంది. రంగులు వేయాలి.

ఇట్లు,
ధర్మవరం వైపు నుంచి
ఒక తోలుబొమ్మలాట కుటుంబం మనిషి